డాన్ గ్రే, నలభై ముక్కలు

మార్కాపురం నుంచి రాయవరం పోయే దోవలో
పలకల ఫ్యాక్టరీ.
పలకలు ఇప్పుడెవరు కొంటున్నారు,
గోడలకంటించే బిళ్ళలు కోస్తున్నారు.
అట్టపెట్టెల మీద చీటీలంటించడం ఖాసింబీ పని.
ఒక సాయంత్రం నా క్లాసుకి
చీటీ ఒకటి కొంగున ముడేసుకొచ్చింది.
"గ్రే అంటే బూడిద రంగు, అది తెలుసు టీచరమ్మా.
డాన్ అంటే ఏంది? సినిమాల్లో రౌడీనా?"

కాదు, తెల్లారడం అన్నాను.

"తెల్లారితే తెల్లగుండాల గదా.
బూడిదెందుకు?"

జవాబు తెలీనప్పుడు నేను డిక్షనరీ తీస్తాను.
అట్ట ఊడింది, మామయ్య రైల్వేలో ఉన్నప్పటిది.
మొదట ఈ మాట పొడుగ్గా ఉండేదంట,
డానింగ్ అని, తెల్లవారుతూ ఉండడమని.
ఎవరో దాని తోక కోసి
మిగిలిందాన్ని క్రియ చేసుకున్నారు.
ఖాసింబీ నవ్వింది.
"మేం చేసేదీ అదే. ముందు బండ, తర్వాత బిళ్ళ."

ఇంకా లోపలికి పోతే
పగలు అనే మాట తగిలింది.
దానికీ అడుగున మండడం ఉందని కొందరు,
లేదు పొమ్మని కొందరు.
గనిలోనూ అంతేనంట.
ఇరవై అడుగులు దిగాక కింద
మంచి బండో, నీళ్ళో, ఎవరూ చెప్పలేరు.

"మన దాంట్లో ఉండాది గదా," అంది.
"వేగుచుక్క. వేగడం.
పొద్దు వేగుద్ది, చేపముక్క వేగుద్ది,
మా అత్తతో పదహారేళ్ళు నేనూ వేగా."

నేను నోట్‌బుక్‌లో రాసుకున్నాను.
ఆ పూట టీచరెవరో
నాకు సరిగ్గా తెలీలేదు.

అక్కడితో ఆపాల్సింది.
రెండో అర్థం కూడా చెప్పాలనిపించింది నాకు.
ఇట్ డాన్డ్ ఆన్ హిమ్ అని
ఆమె తెచ్చిన పాత పలక మీద రాశాను.
కూడబలుక్కుని చదివింది.
"అతని మీద... తెల్లారింది."
వేలు అక్కడే ఆగింది.
"అంటే పోయాడా?"

అయ్యో, కాదు ఖాసింబీ, తట్టిందని,
చీకట్లో ఉన్న సంగతి మెల్లగా కనబడిందని.
తెలుపు, తెలివి, తెలియడం,
మనకీ ఒక్క బండలోంచి లేచిన పొరలే చూడు అని
గబగబా చెప్పుకుపోతున్నాను.
ఆమె వినడం లేదు.

"ఒంగోలు ఆస్పత్రిలో డాక్టరు
మా మస్తాన్‌వలి ఎక్స్‌రే
కిటికీకెత్తి పట్టుకున్నాడు.
అచ్చం పలకే. నల్లంగా.
దాని మీద చుక్కలు చుక్కలుగా తెల్లంగా.
తెల్లంగుంది, మంచిదే గదా సారూ,
అని ఈయనే అడిగాడు.
ఆ సారు ఏం మాట్లాడలా.
ఫిల్ము కవర్లో దోపటానికి
చానాసేపు పట్టింది ఆయనకి.
అది దోపేలోపలే ఈయనకి తెలిసిపోయింది.
నాకు బస్సులో,
పొదిలి దాటినాక తెలిసింది."

మూడు నెలలకి, ఒక తెల్లారగట్ల,
ఆమె మొదట అనుకున్న అర్థంలోనే
అతనికి తెల్లారింది.
కోత మిషను ముందు పద్దెనిమిదేళ్ళు.
ఎక్కడ సరుకైనా
దుమ్ము మాత్రం ఊళ్ళోనే దిగుద్ది.

డిక్షనరీలో దీనికి మూడో నంబరు లేదు.
నేను వెతికాను,
ఆమె ముందే,
ఏదో ఒకటి చేస్తుండాలి కాబట్టి.

ఖాసింబీ తడిగుడ్డ తీసుకుని పలక తుడిచింది.
ఇంగ్లీషు పోయింది. పలక నిగనిగా నల్లబడింది.
ఫ్యాను కింద పెట్టింది.
ఒక మూల నుంచి మొదలై
తడి వెనక్కి పోతా ఉంటే
నలుపు సన్నగా విరుగుతూ
ఇంకో రంగొచ్చింది.

కొంగు ముడి విప్పి
చీటీ పక్కన పెట్టి చూసింది.
"సరిపోయింది," అంది.
"ఇదే రంగు. పేరు బానే పెట్టినారు."

రేపు ఆరింటికే లారీ వస్తుందంట.
చెప్పుల కోసం చీకట్లో కాలితో తడుముకుంటా
గుమ్మంలోంచి వెనక్కి తిరిగి అడిగింది:
"డాన్డ్‌లో చివరి డి
గట్టిగా పలకాల్నా, టీచరమ్మా?"